వెయిటింగ్‌ని వీడియో తీయడం ఎక్కడ మొదలైంది

తిరుపతి బస్టాండులో కెమెరా పెట్టి గంటసేపు జనాల్ని తీసి ఇది వీడియో ఆర్ట్ అంటే, ఇందులో ఏం జరుగుతోందబ్బా అని ఎవరైనా అడుగుతారు. ఏమీ జరగదు, బస్సు రాలేదు అంతే. ఆ బస్సు రాని టైమ్‌నే చూపించాలనే పిచ్చి వెనక పెద్ద కథే ఉంది.

సినిమాకి వెయిటింగ్ అంటే పడదు. 16 ఎంఎం రీలు 400 అడుగులంటే దాదాపు 11 నిమిషాలు, ప్రతి అడుగూ డబ్బే, అందుకే హీరో ఇక్కడ రైలెక్కితే తర్వాతి షాట్‌లో ఊళ్ళో దిగిపోతాడు. 1964లో అమెరికా ఆర్టిస్టు ఆండీ వార్హోల్ ఒక్క బిల్డింగ్‌నే 8 గంటలు చూపించే సినిమా తీశాడు గానీ ఆయన లెక్క వేరే లెండి. 1960ల చివర్లో భుజాన వేసుకునే వీడియో కెమెరా, సోనీ పోర్టపాక్ వచ్చింది, టేపు చెరిపేసి మళ్ళీ వాడుకోవచ్చు, ఇంక ఏమీ జరగని టైమ్‌ని తీయడానికి చెయ్యి వెనకాడలేదు.

తర్వాత ఆర్టిస్టుల చూపు ప్రయాణికుల మీద పడింది. బెల్జియం సినిమా డైరెక్టర్ శాంతల్ అకెర్మన్ తూర్పు యూరప్ స్టేషన్లలో కాచుకున్నోళ్ళ పక్కనుంచి కెమెరాని మెల్లగా నడిపించింది, 1993లో అది సినిమా, 1995లో గ్యాలరీలో టీవీల వరస. బ్రిటిష్ ఆర్టిస్టు మార్క్ వాలింజర్ 2000లో లండన్ సిటీ ఎయిర్‌పోర్టు అరైవల్స్ తలుపుల్ని స్లోమోషన్‌లో చూపించి వెనకాల చర్చి సంగీతం పెట్టాడు, వచ్చేవాళ్ళంతా స్వర్గంలోకి అడుగుపెడుతున్నట్టే ఉంటారు. నాకైతే అల్బేనియా ఆర్టిస్టు ఆడ్రియాన్ పాచీ 2007లో చేసిందే ఎక్కువ నచ్చుతుంది: జనం వరసగా విమానం మెట్లెక్కి నిలబడతారు, కెమెరా వెనక్కి జరిగాక చూస్తే అక్కడ విమానమే లేదు. దానికి పెట్టిన పేరు అప్పట్లో ఇటలీలో వలస వచ్చినోళ్ళని ఉంచిన క్యాంపుల పేరే.

మన తిరుమల కొండ సంగతికొస్తే, ఒకప్పుడు నడిచే పోవాల, లేదా డోలీ. 1944లో మొదటి ఘాట్ రోడ్డు, 1974లో రెండోది, దాంతో నడక తగ్గి నిలబడేది పెరిగింది, ఆ టైమంతా దర్శనానికి కాచుకునే వైకుంఠం క్యూ కాంప్లెక్స్ కంపార్ట్‌మెంట్లలోకి వచ్చి చేరింది. లోపలికి ఫోన్లు లేవు, డిపాజిట్ చేసి పోవాల్సిందే. పాలొస్తాయి, ఉప్మా వస్తుంది, పైన టీవీ నడుస్తుంటుంది. అక్కడ స్క్రీను ఉండేది టైమ్‌ని మరిపించడానికి, ఆర్టిస్టులు చేసేదానికి పూర్తిగా రివర్స్.

కాబట్టి తీయాలంటే కింద తిరుపతిలోనే, శ్రీనివాసం, విష్ణునివాసం సత్రాల దగ్గర దర్శనం టోకెన్ల లైన్లలో. చిక్కంతా అక్కడే. 2025 జనవరి 8 రాత్రి ఇదే ఊళ్ళో వైకుంఠ ద్వార దర్శనం టోకెన్ల కోసం కాచుకున్న జనంలో తొక్కిసలాటై 6 మంది పోయారు. ఆ వీడియోలు అందరి ఫోన్లలోకీ వచ్చాయి. వాటిని స్లోమోషన్‌లో గోడ మీద వేసి సంగీతం పెడతానంటే నేను ఒప్పుకోను, విమానం లేని మెట్లు మాత్రం ఆ లైన్ పక్కన పెట్టి చూపించొచ్చు.