సింటర్‌క్లాస్ తాత అసలు పేరు

బంగారు తల్లీ, చిన్నోడా,

బెల్జియంలో, మీ లూవెన్‌లో అందరూ కులాసా అనుకుంటాను. డిసెంబర్‌లో పిల్లలకి కానుకలు తెచ్చే సింటర్‌క్లాస్‌గా టీవీలో వచ్చే తాత ఎవరని మొన్న వీడియో కాల్‌లో అడిగారుగా, అది ఫోన్‌లో రెండు ముక్కల్లో తేలేది కాదని ఉత్తరం రాస్తున్నాను. మీ చెల్లికి మాత్రం చదివి వినిపించకండి. దానికింకా ఆయన నిజం సింటర్‌క్లాసే.

ఆయన పేరు యాన్ డెక్లెయిర్. 1946లో ఆంట్‌వెర్ప్ దగ్గర నీల్ అనే ఊళ్లో పుట్టారు. ఆంట్‌వెర్ప్‌లో స్టూడియో హెర్మన్ టీర్లింక్ అనే బడిలో నటన నేర్చుకున్నారు, తర్వాత అక్కడే పాఠాలు చెప్పారు. 1971లో 'మీరా' సినిమాతో జనానికి తెలిశారు. హీరో వేషాల కోసం పాకులాడకుండా ఏ పాత్ర ఇస్తే ఆ మనిషైపోయేవాళ్లని మనం క్యారెక్టర్ ఆర్టిస్టులంటాం చూడండి, ఈయన ఆ కోవకి చెందినవారు.

మీరు టీవీలో చూసే 'దాహ్ సింటర్‌క్లాస్' ప్రోగ్రాం 1992లో మొదలైంది. అదే ఏడాది 'దాన్స్' అనే సినిమా కూడా వచ్చింది. 1890ల్లో మీకు దగ్గర్లోనే ఉన్న ఆల్స్ట్‌లో బట్టల మిల్లులుండేవి. మీ వయసు పిల్లలు కూడా వాటిలో పనిచేసేవాళ్లు. ఆ కూలీల పక్షాన నిలబడి పార్లమెంటుదాకా వెళ్లిన ఫాదర్ అడాల్ఫ్ దాన్స్ కథ అది. డబ్బున్నవాళ్లూ చర్చి పెద్దలూ ఒక్కటై ఆయన్ని నలిపేశారు. ఒకే ఏడాదిలో సింటర్‌క్లాస్ అంగీ వేసుకుని పిల్లల్ని నవ్వించి, ఫాదర్ దాన్స్ అంగీ వేసుకుని పెద్దల్ని ఏడిపించారు డెక్లెయిర్. నాకైతే ఇది తలుచుకున్నప్పుడల్లా ఒళ్లు పులకరిస్తుంది.

ఇక 'కరాక్టర్'. క్రితం డిసెంబర్‌లో నేను మీ ఇంటికి వచ్చినప్పుడు, మీరు పడుకున్నాక మీ అమ్మ ఇంగ్లీషు సబ్‌టైటిల్స్ పెట్టి చూపించింది. ఇది మీ పక్క దేశం నెదర్లాండ్స్‌లోని డచ్చివాళ్ల సినిమా. మీ వైపూ అదే భాష కాబట్టి ఆయన అక్కడా మీ దగ్గరా నటించారు. పాతకాలపు రాటర్‌డామ్‌లో డ్రేవర్‌హావెన్ అనే కోర్టు అమీనా ఉంటాడు. అద్దె కట్టలేని పేదల సామాను వీధిలో పడేయించడం ఆయన పని. కన్నకొడుకునే అప్పుల్లోకి ఈడ్చి, దివాలా తీయించాలని చూస్తాడు. సాయంత్రమే సింటర్‌క్లాస్ గుర్రం గురించి మీతో కలిసి నవ్వాను కదా, 'ఈ రోజు వాతావరణం బాగాలేదు' అన్నదే దాని పేరని. రాత్రి అదే మనిషి టోపీ పెట్టుకుని, పొడుగు కోటు వేసుకుని వస్తుంటే నాకు గుండె దడ పుట్టింది. అరుపులుండవు. నిలబడి చూస్తారు, అంతే. కాసేపటికి ఆ రాతిముఖంలో కొడుకు మీద ఏదో ప్రేమలాంటిది కదులుతుంది, అది మాటల్లోకి రాదు. ఆ సినిమాకి 1998లో ఉత్తమ విదేశీ భాషా చిత్రంగా ఆస్కార్ వచ్చింది. ఆయన నటించిన 'ఆంటోనియా'కీ అంతకు రెండేళ్ల ముందు అదే బహుమతి దక్కింది.

2003లో వచ్చిన 'ద జాక్ అల్‌జైమర్' మాత్రం మీరు పెద్దయ్యాక చూడాలి. అందులో ఆయన డబ్బులకి మనుషుల్ని చంపే హంతకుడు. మతిమరుపు ముదిరి, గుర్తుండాల్సినవన్నీ చేతి మీద పెన్నుతో రాసుకుంటాడు. చిన్నపిల్లని చంపమంటే మాత్రం ససేమిరా అంటాడు. ఆ చెయ్యి కేసి చూసుకునే ముసలాయన మీద నాకు కోపం రాలేదు, జాలేసింది. హంతకుడి మీద జాలి పుట్టించడం మామూలు నటుడి వల్ల కాదు. దాన్ని హాలీవుడ్‌లో 'మెమరీ' పేరుతో మళ్లీ తీశారు గానీ, నాకు ఆంట్‌వెర్ప్ వీధుల్లో తిరిగే ఆ ముసలాయనే కావాలి.

ఈ డిసెంబర్‌లో బూట్లలో క్యారెట్ పెట్టాక మళ్లీ ఆ ప్రోగ్రాం చూస్తారుగా. ఈసారి గడ్డాన్నీ టోపీనీ వదిలేసి, పిల్లల పేర్లున్న ఆ పెద్ద పుస్తకం తెరిచేటప్పుడు ఆయన కళ్లు మాత్రమే చూడండి. ఏం కనిపించిందో ఇద్దరూ విడివిడిగా నాకు రాయండి.

ఆశీస్సులతో,
అమ్మమ్మ