రైట్ తీసుకోవడం: అపోహలు – వాస్తవాలు

మన దేశంలో బండి రోడ్డుకి ఎడమవైపు నడుస్తుంది. ఎడమకి తిరిగితే ఎదురొచ్చేవాళ్లతో పని లేదు. కుడికి తిరగాలంటే మాత్రం ఆ వరసనంతా అడ్డంగా కోసుకుంటూ పోవాలి. దానికి తోడు, మనం తిరగబోయే రోడ్డులోంచి బయటికొచ్చే బండ్లు, ఆ రోడ్డు దాటుతున్న మనుషులు, సరిగ్గా అప్పుడే కుడివైపు నుంచి మనల్ని ఓవర్‌టేక్ చేయబోయేవాడు. వీళ్లందరినీ నాలుగైదు సెకన్లలో చూసుకోవాలి. డ్రైవింగ్ నేర్చుకునేటప్పుడు క్లచ్, గేరు మీద పెట్టిన శ్రద్ధలో సగం కూడా ఈ మలుపు మీద పెట్టరు. తర్వాత రోడ్డు మీద తలా ఒక మాట విని అదే రూలనుకుంటారు.

అపోహ: ఇండికేటర్ వేశాను కాబట్టి దారి నాది.

ఇండికేటర్ మీ ఉద్దేశం చెబుతుంది, అంతే. దారి హక్కు ఇవ్వదు. నేరుగా వచ్చే బండికే ముందు దారి, తిరిగేవాడు ఆగాలి. సిగ్నల్ లేని కూడలిలో మెయిన్ రోడ్డు మీద ఉన్నవాళ్లకి దారి వదలాలి. రెండూ సమానమైన రోడ్లయితే మీకు కుడివైపు నుంచి వచ్చేవాళ్లకి వదలాలి. సిగ్నల్ లేని కూడలి గురించి 1989 నాటి రహదారి నిబంధనల్లో ఉన్నదీ ఇదే, వాటి స్థానంలో వచ్చిన 2017 నాటి మోటారు వాహనాల డ్రైవింగ్ నిబంధనల్లో ఉన్నదీ ఇదే.

ఇండికేటర్ ఎప్పుడు వేశారన్నది ఇంకా ముఖ్యం. చాలామంది ముందు బ్రేక్ కొట్టి, స్టీరింగ్ తిప్పుతూ ఇండికేటర్ వేస్తారు. అప్పటికి వెనకవాడికి దానితో పని అయిపోయింది. గంటకి 60 కిలోమీటర్ల వేగంలో బండి సెకనుకి 16 మీటర్లకి పైగా పోతుంది, అంటే మలుపుకి 30 మీటర్ల ముందు ఇండికేటర్ వేస్తే వెనకవాడికి మిగిలేది రెండు సెకన్లు కూడా కాదు. ఊరి వీధుల్లో 30 వేగంలో ఆ 30 మీటర్లు సరిపోవచ్చు. హైవే మీద 100 నుంచి 150 మీటర్ల ముందే వెయ్యాలి. వరస ఇలా ఉండాలి: వెనక అద్దం, కుడి అద్దం, ఇండికేటర్, మళ్లీ కుడి అద్దం, మెల్లగా మధ్య గీత వైపు జరగడం, ఆ తర్వాత బ్రేక్. ఇండికేటర్ పాడైతే కుడిచెయ్యి భుజం ఎత్తున అడ్డంగా చాచి, అరచెయ్యి ముందుకి పెట్టి చూపించాలి. ఈ చేతి సైగ ఇప్పుడు ఎవరికీ గుర్తులేదు గానీ, వైరు తెగిన బైకుకీ లైట్లు లేని ట్రాక్టరుకీ దిక్కు అదే.

అపోహ: ముందు ముక్కు దూర్చితే ఎదుటివాళ్లే ఆగుతారు.

నగరాల్లో నెమ్మదిగా కదిలే రద్దీలో ఇది పనిచేసినట్టు కనిపిస్తుంది. అదే అలవాటు హైవే మీదికి వెళ్లినప్పుడు ప్రాణం తీస్తుంది.

లెక్క వేసి చూడండి. ఒక్కో లేన్ వెడల్పు సుమారు 3.5 మీటర్లు, ఎదురు వరస రెండు లేన్లదైతే 7. కారు పొడవు 4 మీటర్లు. బండి వంపు తిరుగుతూ పోతుంది కాబట్టి వెనక బంపరు కూడా అవతలికి చేరేసరికి మొత్తం 15 మీటర్ల దాకా నడవాలి. ఆగి ఉన్న కారు మామూలుగా కదిలితే ఆ దూరానికి నాలుగున్నర సెకన్లు పడుతుంది. బ్రేక్ మీంచి కాలు తీసి బండి కదిలేందుకు ఇంకో సెకను వేసుకోండి. ఈ ఐదున్నర సెకన్లలో 60 మీద వచ్చే బండి 90 మీటర్లు దాటి వచ్చేస్తుంది. 80 మీద వచ్చేదైతే 120 మీటర్లు. కాస్త వెసులుబాటు కలుపుకుంటే మీకు కావలసింది కనీసం 7 సెకన్ల ఖాళీ.

7 సెకన్లు ఎలా తెలుస్తుంది? ఆగి ఉన్నప్పుడు ఎదురుగా ఒక కరెంటు స్తంభమో చెట్టో గుర్తు పెట్టుకోండి. ఒక బండి దాన్ని దాటినప్పటి నుంచి మీ ముందుకొచ్చేదాకా లెక్కపెట్టండి. ఏడులోపే వచ్చేసిందా, అయితే ఆ స్తంభానికి ఇవతల ఏ బండి ఉన్నా మీరు కదలకూడదు. రెండు మూడు బండ్లతో ఇలా చూస్తే ఆ రోడ్డు వేగం మీకు పట్టుబడుతుంది. సరుకు నింపిన ఆటోకి ఇంకా ఎక్కువ ఖాళీ కావాలి. ట్రాలీ కట్టిన ట్రాక్టరుకి రెట్టింపు కూడా చాలకపోవచ్చు.

బైకు విషయంలో కన్ను మోసం చేస్తుంది. చిన్నగా కనిపించే వస్తువు దూరంగా ఉన్నట్టు, మెల్లగా వస్తున్నట్టు అనిపిస్తుంది. లారీ, బైకు ఒకే దూరంలో ఒకే వేగంతో వస్తున్నా లారీకి ఆగిపోయి బైకు ముందు తిరిగేస్తాం. రాత్రిపూట ఒంటి హెడ్‌లైటుని చూసి దూరం అంచనా వెయ్యడం దాదాపు అసాధ్యం. ఒక్క లైటు కనిపిస్తే అది వెళ్లేదాకా ఆగండి.

అపోహ: ఎదుటివాడు లైటు కొట్టాడంటే నన్ను వెళ్లమన్నట్టే.

కొన్ని దేశాల్లో ఆ అర్థం ఉందేమో గానీ మన రోడ్ల మీద లైటు కొడితే ఎక్కువసార్లు “నేను వస్తున్నా, ఆగు” అనే అర్థం. ఒకవేళ నిజంగానే ఆగి చేత్తో రమ్మన్నా, ఆయన ఇచ్చింది తన లేన్ వరకే. ఆ బండి పక్కనుంచి దూసుకొచ్చే బైకు తరఫున ఆయన మాట ఇవ్వలేదు. కాబట్టి ఆగిన బండి ముందు దాకా మాత్రమే మెల్లగా వెళ్లి, దాని అంచు దగ్గర మళ్లీ ఆగి, అవతలి లేన్ చూసుకుని కదలాలి.

అపోహ: ఆగి ఉన్నప్పుడే స్టీరింగ్ కుడికి తిప్పి పెట్టుకుంటే త్వరగా వెళ్లిపోవచ్చు.

అన్నిటికంటే ప్రమాదకరమైన అలవాటు ఇదే, ఎవరూ తప్పనుకోనిదీ ఇదే. మధ్య గీత పక్కన కుడికి తిరగడానికి ఆగారు. చక్రాలు ముందే కుడికి తిరిగి ఉన్నాయి. వెనకనుంచి ఎవరో చూసుకోకుండా గుద్దారు. బండి చక్రాలు చూస్తున్న వైపే పోతుంది, అంటే సూటిగా ఎదురొచ్చే లారీ కిందికి. చక్రాలు తిన్నగా ఉంటే అదే దెబ్బకి మీ లేన్‌లోనే ముందుకి జరిగేవారు. వెనక డిక్కీ నుజ్జయ్యేది, అంతటితో పోయేది.

ఆగినంతసేపూ స్టీరింగ్ తిన్నగా, కాలు బ్రేక్ మీద ఉంచండి. వెనక ఎర్ర లైటు వెలుగుతూ ఉండటం మీకు రక్షణ. సగం క్లచ్ మీద బండిని ముందుకీ వెనక్కీ ఊపుతూ నిలబడొద్దు. కాలు జారితే బండి ఎదురు లేన్‌లోకి ఎగురుతుంది, లేదా సరిగ్గా మధ్యలో ఇంజన్ ఆగిపోతుంది. ఖాళీ దొరికాక మొదటి గేరులోనే మలుపంతా పూర్తి చెయ్యండి. మలుపు మధ్యలో గేరు మార్చే పని పెట్టుకోవద్దు. ఇక కదిలే ముందు ఆఖరి చూపు కుడి అద్దంలోకి. మీరు ఆగారని విసుగొచ్చి కుడివైపు నుంచి ఓవర్‌టేక్ చేసేవాడు అక్కడే కనిపిస్తాడు.

అపోహ: మూల కోసుకుని తిరిగితే సులువు.

సరైన దారి రెండు మాటల్లో చెప్పొచ్చు: బయలుదేరేది మీ రోడ్డు మధ్య గీతకి దగ్గరగా, చేరేది కొత్త రోడ్డులో ఎడమ సగానికి. మూల కోశారంటే కొత్త రోడ్డులో ఎదురు బండి ఆగి ఉండాల్సిన చోటికి నేరుగా వెళ్తారు. మీ ముక్కు ఆ కూడలి మధ్యకి వచ్చేదాకా నేరుగా వెళ్లి, అప్పుడు తిప్పాలి.

వెనక చక్రాల సంగతి కూడా ఉంది. అవి ముందు చక్రాల జాడలో రావు, లోపలికి కోసుకుని వస్తాయి. చిన్న కారుకి బిగించి తిప్పితే తేడా అర మీటరు. పెద్ద బస్సుకి ఒకటిన్నర మీటర్ల పైనే. డివైడర్ అంచు మీద నిలబడ్డ మనిషి పాదం ఈ అర మీటరులోనే ఉంటుంది. అదే బస్సు కుడికి తిరిగేటప్పుడు తోక ఎడమకి ఊగుతుంది కాబట్టి బైకువాళ్లు దాని ఎడమ పక్కన వెనక మూలలో నిలబడకూడదు.

అపోహ: బైకు చిన్నది, ఎడమ అంచు నుంచే ఒక్కసారి కుడికి కోసెయ్యొచ్చు.

ఇలా కోస్తే ముందు దాటాల్సింది మీ వెనక వస్తున్న వరసని, వాళ్లకి మీరు నేరుగా వెళ్తున్నట్టే కనిపిస్తారు. అద్దం చూసి, భుజం మీదుగా ఒకసారి వెనక్కి తిరిగి చూసి, 100 మీటర్ల ముందు నుంచే అంచెలంచెలుగా మధ్యకి రండి. వెనక రద్దీ వల్ల మధ్యకి రాలేకపోతే ఎడమ అంచున పూర్తిగా ఆగిపోండి. రెండు వైపులా ఖాళీ అయ్యాక రోడ్డు దాటినట్టు దాటండి. డివైడర్ లేని హైవే మీద కారుకి కూడా ఇదే మంచి పద్ధతి. వెనక లారీలు తోసుకొస్తుంటే మధ్య గీత దగ్గర నిలబడి ధైర్యం చూపించే అవసరం లేదు.

తిరిగాక ఇండికేటర్ ఆపడం మర్చిపోవద్దు. కారులో దానంతటదే ఆగుతుంది, చాలా బైకుల్లో ఆగదు. కిలోమీటరు దూరం వెలుగుతూనే పోయే ఆ ఇండికేటర్‌ని నమ్మి ఎవరో ఒకరు మోసపోతారు.

అపోహ: పచ్చ లైటు పడింది, ఇక చూసేదేముంది.

పచ్చ బాణం వేరు, గుండ్రటి పచ్చ లైటు వేరు. కుడి బాణం పడితే మామూలుగా ఎదుటివాళ్లకి ఎరుపు ఉంటుంది. గుండ్రటి పచ్చ పడితే ఎదుటివాళ్లకి కూడా పచ్చే ఉండొచ్చు, అప్పుడు నేరుగా వచ్చేవాళ్లందరినీ పోనిచ్చాకే మీ వంతు. ఎదురుగా మీలాగే కుడికి తిరగడానికి ఒక బస్సు ఆగి ఉంటే, దాని వెనక వచ్చే బైకు మీకు అస్సలు కనిపించదు. మీ ముందువాడు తిరిగాడని అతని వెనకే పోవద్దు. అతనికి కనిపించిన ఖాళీ అతనితోనే అయిపోయింది.

తిరుగుతున్నప్పుడు కారు ముందు అద్దానికి కుడిపక్కన ఉండే స్తంభాన్ని గమనించండి. మన కార్లలో డ్రైవరు కుడివైపు కూర్చుంటాడు కాబట్టి అది ముఖానికి బాగా దగ్గర. అది ఒక మనిషిని మొత్తంగా దాచేస్తుంది. పైగా మీరు తిరిగే వేగం, ఆ మనిషి నడిచే వేగం కలిసొస్తే మలుపు పూర్తయ్యేదాకా ఆ స్తంభం వెనకే ఉండిపోతాడు. తల ఒకసారి ముందుకీ ఒకసారి వెనక్కీ వంచి చూస్తే చాలు, బయటపడతాడు. జీబ్రా మీద మనిషి ఉంటే దారి ఆ మనిషిదే.

అపోహ: డివైడర్ గ్యాప్ వంద మీటర్లేగా, రాంగ్ రూట్‌లో వెళ్లి రైట్ తీసుకుంటే ఏమవుతుంది.

2019 సవరణ తర్వాత మోటారు వాహనాల చట్టం 184వ సెక్షన్‌లో ఎదురు దిశలో నడపడాన్ని ప్రమాదకర డ్రైవింగ్ కింద చేర్చారు. మొదటిసారికి 6 నెలల నుంచి ఏడాది జైలు, లేదా 1,000 నుంచి 5,000 రూపాయల జరిమానా, లేదా రెండూ. మూడేళ్లలోపు మళ్లీ దొరికితే రెండేళ్ల దాకా జైలు, లేదా 10,000 జరిమానా, లేదా రెండూ. అసలు భయం వేరే: కూడలి దగ్గర రోడ్డు ఎక్కేవాడు బండ్లు వచ్చే వైపే చూస్తాడు. మీరు రెండోవైపు నుంచి వస్తారు.

గ్యాప్ దగ్గర సరిగ్గా తిరిగేవాళ్లు కూడా ఒకటి చూసుకోవాలి. డివైడర్ వెడల్పు మీ బండి పొడవు కంటే ఎక్కువ ఉంటేనే మధ్యలో ఆగొచ్చు. సన్నగా ఉంటే ముక్కో తోకో హైవే మీదే ఉండిపోతుంది. అలాంటి చోట అవసరమైన ఖాళీ అంతా దొరికాకే ఒకే ఊపులో దాటాలి.

అపోహ: లారీ కుడి ఇండికేటర్ వేసిందంటే ఓవర్‌టేక్ చెయ్యమని.

కొందరు డ్రైవర్లకి ఆ అలవాటు ఉంది, నిజమే. కానీ అదే ఇండికేటర్‌కి చట్టం చెప్పే అర్థం “కుడికి తిరుగుతున్నా” అని. లోపలి డ్రైవరు మనసులో ఏముందో మీకు తెలీదు. కుడివైపున దారి గానీ, పెట్రోలు బంకు గానీ, డివైడర్ గ్యాప్ గానీ కనిపిస్తే వెనకే ఉండండి. నేరుగా వెళ్లడానికి నాలుగు ఇండికేటర్లూ వేసే అలవాటు కూడా ఇలాంటిదే: పక్కనుంచి చూసేవాడికి ఒక్క వైపే కనిపిస్తుంది, మీరు తిరుగుతున్నారనుకుని రోడ్డెక్కుతాడు.

అపోహ: చిన్న సర్కిల్ కదా, కుడిపక్కనుంచే తిరగొచ్చు.

ఎంత చిన్న రౌండబౌట్ అయినా గడియారం ముల్లు తిరిగే వైపే చుట్టి రావాలి. లోపల తిరుగుతున్నవాళ్లకి దారి వదిలి ఎక్కాలి. కుడి ఇండికేటర్‌తో ఎక్కి, మీ దారికి ముందున్న దారి దాటగానే ఎడమ ఇండికేటర్ వేసి దిగాలి.

అపోహ: మలుపు దాటిపోతే కాస్త రివర్స్ తీసుకుంటే సరి.

హైవే మీద వెనక్కి వచ్చే బండిని ఎవరూ ఊహించరు. తెల్ల రివర్స్ లైటు కనిపించినా, బండి ఆగి ఉందో వెనక్కి వస్తుందో పోల్చుకునేలోపే దగ్గరికి వచ్చేస్తారు. తర్వాతి యూటర్న్ 2 కిలోమీటర్ల దూరంలో ఉందనుకుందాం. 60 మీద వెళ్లడానికి రెండు నిమిషాలు, రావడానికి రెండు. తిరిగొచ్చాక ఆ దారి మీకు ఎడమ చేతివైపు ఉంటుంది, ఎదురు వరసని దాటే పనే ఉండదు.