రేమండ్ చౌ ఏ వేషం వేశారని అడిగారు కదా

చిరంజీవులైన మనవలకు, మనవరాళ్లకు తాతయ్య ఆశీస్సులు.

మొన్న సెలవుల్లో బ్రూస్ లీ సినిమా చూస్తూ, తెర మీద రేమండ్ చౌ పేరు పడగానే ఆయన ఏ వేషం వేశారని అడిగారు. ఆయన నిర్మాత అని నేను చెబితే, అయితే డబ్బు పెట్టినవాడన్నమాట అని తేల్చేశారు. ఆ మాట నా మనసులో అలాగే ఉండిపోయింది. ఎందుకంటే, పోటీదారులతో పోలిస్తే ఆయన దగ్గర తక్కువగా ఉన్నదే డబ్బు.

1927లో హాంకాంగ్‌లో పుట్టి, షాంఘైలో పత్రికారచన చదివి, విలేఖరిగా పనిచేసిన చౌ, 1950ల చివర హాంకాంగ్‌లోని పెద్ద సినిమా సంస్థ షా బ్రదర్స్ ప్రచార విభాగంలో చేరారు. సినిమాలు ఇలా ఉంటే ప్రచారం చేయడం తన వల్ల కాదని ఆయన యజమాని రన్ రన్ షాతో నిర్మొహమాటంగా చెప్పగా, అయితే నువ్వే తీసి చూపించు అని షా నిర్మాణ బాధ్యత అప్పగించారట. దాదాపు పన్నెండేళ్లు అక్కడ పనిచేశాక, 1970లో లెనార్డ్ హో తోడుగా బయటికి వచ్చి గోల్డెన్ హార్వెస్ట్ అనే సొంత సినిమా సంస్థను స్థాపించారు.

షా సోదరులకు సొంత స్టూడియో నగరమే ఉండేది. నటీనటులు ఏళ్ల తరబడి ఒప్పందాలకు కట్టుబడి, జీతాలకు పనిచేసేవారు. ఆ పద్ధతి బ్రూస్ లీకి నచ్చలేదు. చౌ మాత్రం దర్శకుడు లో వెయ్ భార్యను అమెరికా పంపి, రెండు సినిమాలకు కలిపి 15,000 డాలర్లకు బ్రూస్ లీని ఒప్పించారు. మొదటిదైన ‘ది బిగ్ బాస్’ 1971లో థాయ్‌లాండ్‌లోని పాక్ చోంగ్ అనే చిన్న ఊళ్లో మొదలైంది. పని సవ్యంగా సాగకపోవడంతో దర్శకుణ్ణే మార్చి లో వెయ్‌ని పంపారు. చిత్రీకరణ మధ్యలో అలాంటి నిర్ణయం తీసుకోవడానికి ఎంత గుండెధైర్యం కావాలో ఊహించండి. ఆ సినిమా హాంకాంగ్ వసూళ్ల రికార్డులను బద్దలుకొట్టింది. ఆ తర్వాత చౌ బ్రూస్ లీని జీతగాడిగా కాక భాగస్వామిగా చేసుకుని, కాంకర్డ్ అనే సంస్థ పెట్టారు. నా దృష్టిలో ఆయన చేసిన పనులన్నిటిలోకీ పెద్దది ఇదే.

హాలీవుడ్ సంస్థ వార్నర్ బ్రదర్స్‌తో కలిసి తీసిన ‘ఎంటర్ ది డ్రాగన్’ విడుదల కాకముందే, 1973 జూలై 20న బ్రూస్ లీ కన్నుమూశారు. ఆ మధ్యాహ్నం కూడా తర్వాతి సినిమా గురించి మాట్లాడడానికి చౌ ఆయన ఇంటికి వెళ్లారు.

అంత దెబ్బ తగిలినా సంస్థ ఆగలేదు. మరుసటి ఏడాదే హాస్యనటుడు మైకేల్ హుయ్‌తో హాస్యచిత్రం తీశారు. 1980లో జాకీ చాన్‌ను తీసుకుని, ఆయన కోరినట్టు సినిమాలు తీసుకునే స్వేచ్ఛ ఇచ్చారు. 1983 నాటి ‘ప్రాజెక్ట్ ఎ’లో గడియార స్తంభం పైనుంచి గుడ్డ పందిళ్లను చీల్చుకుంటూ జాకీ నేలమీద పడే దృశ్యాన్ని ఒక్కసారితో సరిపెట్టలేదు, మళ్లీ తీశారు. అలా మళ్లీ తీసిన ప్రతిసారీ అయ్యే ఖర్చునూ, జరగరానిది జరిగితే వచ్చే బాధ్యతనూ మోసేది తెరవెనుక మనిషే.

చౌ 2007లో విశ్రాంతి తీసుకుని, 2018లో 91 ఏళ్ల వయసులో కాలం చేశారు. దసరాకి వచ్చినప్పుడు ఆ గడియార స్తంభం దృశ్యం కలిసి చూద్దాం. పేర్లు పడేటప్పుడు మాత్రం ముందుకు జరపకండి.

ఇట్లు,
మీ తాతయ్య