మిరియాల పొట్లం, తొక్క తీయని బంగాళాదుంప

ఆమ్‌స్టర్‌డామ్‌లోని రైక్స్‌మ్యూజియంలో డచ్ చిత్రకారుడు పీటర్ క్లాస్ 1627లో వేసిన విందు బల్ల చిత్రం ఒకటుంది. తెల్లటి గుడ్డ మీద రొట్టెలు, సగం తొక్క తీసిన నిమ్మకాయ, చైనా పింగాణీ గిన్నెలో ఆలివ్ కాయలు. పిండిలో మాంసం కూరి కాల్చిన పెద్ద ‘పై’ (pie) అనే వంటకం మీద టర్కీ కోడిని ఈకలతో సహా అలంకరించి నిలబెట్టారు. ఇంత హంగులోనూ నా చూపు ఆగేది ఒక చిన్న కాగితం పొట్లం దగ్గర. అచ్చం మన కిరాణా కొట్లో చుట్టిచ్చే పొట్లమే! పాత పంచాంగంలోంచి చింపిన కాగితంలో మిరియాలు.

హాలండ్‌లో మిరియాలు పండవు. నిమ్మకాయ మధ్యధరా తీరం నుంచి, మిరియాలు ఆసియా నుంచి ఓడల్లో రావాలి. టర్కీ కోడి పుట్టిల్లు అమెరికా. డచ్ ఈస్టిండియా కంపెనీ 1602లో ఏర్పడింది. కొద్ది ఏళ్లకే ఆ వర్తకులు మచిలీపట్నంలో స్థావరం పెట్టారు. కారణం మన బట్టలు. సుగంధ ద్రవ్యాలు పండే ఇండొనేసియా దీవుల వాళ్లకు యూరప్ సరుకు పెద్దగా అక్కర్లేదు, కోరమండల్ తీరపు నూలు బట్టలంటే ఇష్టం. అందుకని ఇక్కడ బట్ట కొని, అక్కడ ఇచ్చి, మసాలా దినుసులు తీసుకునేవారు. ఆ రోజుల్లో హాలండ్ వంటింటికి చేరిన ఘాటులో మన నేతగాళ్ల కష్టం కూడా ఉందన్నమాట.

ఇలాంటి చిత్రాల్ని చాలామంది హెచ్చరికగా చదువుతారు: పైకి మెరిసే నిమ్మకాయ లోపల పులుపే, సంపదా అంతేనని. నాకైతే అందులో గర్వం, భయం రెండూ కనిపిస్తాయి. ఇన్ని వంటకాలున్నా బల్ల దగ్గర తినేవాళ్లు ఒక్కరూ లేరు.

అదే దేశంలో 1885లో, న్యూనెన్ అనే పల్లెలో, విన్సెంట్ వాన్ గో తినేవాళ్లనే గీశాడు. నూనె దీపం కింద ఐదుగురు, మధ్యలో ఉడికిన బంగాళాదుంపల పళ్లెం. దుంప కూడా టర్కీ కోడిలాగే అమెరికా నుంచి వచ్చిందే. కానీ ఇసుక నేలలోనూ పండి, కొద్దిపాటి నేలతోనే ఇంటిల్లిపాది కడుపు నింపడంతో పేదల తిండి అయిపోయింది. పళ్లెంలో పెట్టే ఈ చేతులే నేల తవ్వాయని చూపించాలనుకున్నానని తమ్ముడు థియోకి ఉత్తరం రాశాడు వాన్ గో. అందుకే కాబోలు, ఆ చేతులు కణుపులు తేలి మొరటుగా ఉంటాయి.

ముఖాలకు మొదట మామూలు ఒంటి రంగే వేశాడు. అది నచ్చక, దాని మీదే మళ్లీ రంగు వేశాడు. ఇప్పుడవి మట్టి అంటిన, తొక్క తీయని బంగాళాదుంప రంగులో ఉన్నాయని సంతోషంగా చెప్పుకున్నాడు.