న్యూ ఆర్లీన్స్ దెయ్యాలు, దొంగలు, వింత మనుషులు: పుస్తకాల చుట్టూ అపోహలు - వాస్తవాలు

న్యూ ఆర్లీన్స్‌లో ఫ్రెంచ్ క్వార్టర్ అనే పాతపేట ఉంది. అక్కడ పాత పుస్తకాలు అమ్మే షాపులో లూసియానా (ఈ ఊరున్న రాష్ట్రం) అరలు చూసుకోవడం నా పని. ఊరి చరిత్ర, వూడూ (ఆఫ్రికా మూలాలున్న పూజలు, మంత్రతంత్రాలు), సముద్రపు దొంగలు, జాజ్, వంటలు అన్నీ ఆ అరల్లోనే ఉంటాయి. లాంగ్ వీకెండ్ వస్తే హ్యూస్టన్, డాలస్‌ల నుంచి మనవాళ్లు కార్లేసుకుని దిగుతారు. రాత్రి దెయ్యాల టూర్‌కి వెళ్లి, మర్నాడు షాపుకొచ్చి, "నిన్న గైడ్ చెప్పినవన్నీ ఉన్న పుస్తకం ఒకటి ఇవ్వండి, కాకపోతే నిజాలే ఉండాలి" అంటారు. ఈ రెండు కోరికలూ ఒకే పుస్తకంతో తీరడం కష్టం.

ఈ ఊరి కథల్లో చాలావాటికి ఒక పుట్టినరోజు ఉంది. ఆ సంఘటన మొదట ఏ సంవత్సరం అచ్చయిందో చూస్తే అది దొరుకుతుంది. జరిగిందంటున్న ఏడాదికీ అచ్చయిన ఏడాదికీ మధ్య ఎంత దూరముందో చూస్తే సగం అనుమానాలు తీరిపోతాయి. నేను తరచూ వినే మాటలు కొన్ని కింద రాస్తున్నాను.

అపోహ: లాలరీ ఇంటి ఘోరాలన్నీ పాత పుస్తకాల్లోనే ఉన్నాయి, కాబట్టి జరిగినవే

నిప్పు లేనిదే పొగ రాదంటారు. ఇక్కడ నిప్పు అక్షరాలా నిజం. 1834 ఏప్రిల్ 10న రాయల్ స్ట్రీట్‌లో డెల్ఫీన్ లాలరీ అనే ధనిక క్రియోల్ (ఫ్రెంచ్, స్పానిష్ వలసదారుల సంతతి) మహిళ ఇల్లు అంటుకుంది. ఆర్పడానికి వెళ్లినవాళ్లకు లోపల గొలుసులతో కట్టేసిన బానిసలు కనిపించారు. తిండి లేక ఎముకలు తేలి, ఒళ్లంతా పుండ్లతో ఉన్నారు. ఊరి పత్రికలు ఆ వారంలోనే రాశాయి. జనం ఆగ్రహంతో ఇల్లు ధ్వంసం చేశారు. ఆవిడ పారిపోయి ఫ్రాన్స్ చేరింది. ఇంగ్లండ్ రచయిత్రి హ్యారియట్ మార్టినో ఈ సంగతి ఊరివాళ్ల నోట విని 1838లో తన ప్రయాణ గ్రంథంలో అచ్చు వేసింది. ఇదంతా ఆ కాలపు సాక్ష్యమే.

అయితే టూర్‌లో చెప్పేది ఇక్కడితో ఆగదు. పుర్రెలకు రంధ్రాలు పెట్టారని, మనుషుల మీద ప్రయోగాలు చేశారని, చెప్పడానికే నోరు రాని వర్ణనలు ఉంటాయి. వీటి మూలం 1946లో వచ్చిన ఒక దెయ్యాల కథల సంకలనం. అంటే సంఘటన జరిగిన 112 ఏళ్లకు. 1834 నాటి పత్రికల్లో అవి లేవు. 1990ల్లో వచ్చిన పుస్తకాలు దానికి ఇంకొన్ని చిలవలు పలవలు చేర్చాయి. 1946 అంటే ఇప్పుడు మనకు పాత పుస్తకమే. పేజీలు పసుపెక్కి, అట్ట చిరిగి ఉంటే నమ్మబుద్ధేస్తుంది మరి. ఇక టూర్ వాళ్లు వేలెత్తి చూపించే భవనం, జనం కూలగొట్టాక మళ్లీ కట్టింది.

నాకు ఈ కల్పన మీద కోపం ఉంది. ఆవిడను రాక్షసిగా పెంచేకొద్దీ చుట్టుపక్కల యజమానులంతా పెద్దమనుషులైపోతారు. అంతర్యుద్ధానికి ముందు అమెరికాలో అతి పెద్ద బానిసల సంత ఇదే ఊళ్లో జరిగేది. ఆ ఇంటి నుంచి నాలుగు వీధులు తిరిగితే ఆ వ్యాపారం నడిచిన చోట్లు వస్తాయి. అక్కడ దెయ్యాల టూర్ ఆగదు. లాలరీ గురించి చదవాలంటే క్యారలిన్ మారో లాంగ్ 2012లో రాసిన జీవిత చరిత్ర తీసుకోండి. భయం తక్కువ, బాధ ఎక్కువ.

అపోహ: వూడూ రాణి మేరీ లావో వందేళ్లపాటు యవ్వనంలోనే ఉంది

ఈవిడ కాగితాలు ఉన్నాయి. కాథలిక్ చర్చి రిజిస్టర్ ప్రకారం బాప్టిజం 1801లో. పెళ్లి 1819లో, సెయింట్ లూయిస్ కెథెడ్రల్‌లో. మరణం 1881 జూన్‌లో, సెయింట్ ఆన్ స్ట్రీట్‌లోని ఇంట్లో. చివరిదాకా ఆవిడ కాథలిక్కే. పోయినప్పుడు ఒక పత్రిక ఆవిడ దానధర్మాలను మెచ్చుకుంది, ఇంకో పత్రిక మంత్రగత్తె అని తిట్టింది. అంటే బతికుండగానే రెండు కథలు నడుస్తున్నాయి.

మరి యవ్వనం సంగతి ఎక్కణ్నుంచి వచ్చింది? 1935లో రూజ్‌వెల్ట్ ప్రభుత్వం నిరుద్యోగ రచయితలకు పని కల్పించడానికి ఫెడరల్ రైటర్స్ ప్రాజెక్టు పెట్టింది. లూసియానా శాఖకు లైల్ శాక్సన్ అధిపతి. వాళ్ల మనుషులు ఊరంతా తిరిగి ముసలివాళ్లను కూర్చోబెట్టి జ్ఞాపకాలు రాసుకున్నారు. చెప్పినవాళ్లలో చాలామంది 1870ల్లో చిన్నపిల్లలు. ఒకరు చూసింది పెద్దావిడను, ఒకరు చూసింది ఆవిడ కూతురునేమో, ఇంకొకరు చూసింది అసలు సంబంధం లేని ఇంకో వూడూ ఆడమనిషినేమో. అందరికీ పేరు మాత్రం ఒకటే. ఆ కాగితాలను ముందు పెట్టుకుని రాబర్ట్ టాలెంట్ 1946లో వూడూ మీద ఒక పుస్తకం రాశాడు. ముగ్గురు నలుగురి జ్ఞాపకాలను ఒకే మనిషికి తొడిగితే ఆ మనిషికి వయసు పెరగదు. బిగుతుగా రాశాడు, ఒప్పుకోవాలి. ఇప్పటికీ అమ్ముడవుతుంది, నేనే అమ్ముతాను. కానీ సంభాషణలున్న చోట పెన్సిల్‌తో గీత పెట్టుకుని చదవమని చెప్తాను.

అదే ప్రాజెక్టు నుంచి 1945లో 'గంబో యా-యా' అనే జానపద సంకలనం వచ్చింది. ఊరి వింత మనుషుల పుస్తకాలన్నిటికీ పెద్దమ్మ లాంటిది. దాని గురించి అడిగేవాళ్లు చాలామంది ఉన్నారు. దాని పక్కనే జరిగిన సంగతి అడిగేవాళ్లు తక్కువ. నల్లజాతి పరిశోధకులను డిల్లార్డ్ విశ్వవిద్యాలయంలో వేరే బృందంగా పెట్టారు. కవి మార్కస్ క్రిస్టియన్ దాన్ని నడిపాడు. లూసియానా నల్లవాళ్ల చరిత్రను వాళ్లు పెద్ద గ్రంథంగా తయారుచేశారు. ఆయన బతికుండగా అది అచ్చుకు నోచుకోలేదు. ఆ ప్రతి ఇప్పుడు యూనివర్సిటీ ఆఫ్ న్యూ ఆర్లీన్స్ గ్రంథాలయంలో ఉంది. ఒకే ప్రభుత్వ సొమ్ముతో జరిగిన పని. దెయ్యాలు అచ్చయ్యాయి, చరిత్ర కట్టల్లో ఉండిపోయింది.

మేరీ లావో సమాధి మీద మూడు ఇంటూ మార్కులు గీస్తే కోరిక తీరుతుందని కూడా నమ్మకండి. అలా గీసీ గీసీ సున్నపు పూత పాడైపోయింది. 2013 డిసెంబర్‌లో ఎవరో సమాధి మొత్తానికి గులాబీ రంగు వేశారు. 2015 నుంచి ఆ శ్మశానంలోకి లైసెన్సున్న గైడ్ లేకుండా సందర్శకులను రానివ్వడం లేదు.

అపోహ: పాతిపెడితే శవాలు తేలుతాయి కాబట్టే సమాధులు నేల మీద కట్టారు

ప్రతి ట్రావెల్ పుస్తకంలో ఉంటుంది. నేలలో నీరు పైకే ఉంటుందన్నది నిజమే, ఇబ్బందీ నిజమే. కానీ ఊరు పుట్టిన కొత్తలో అందరినీ నేలలోనే పాతారు. హోల్ట్ శ్మశానంలో పేదవాళ్లను అలాగే పాతుతూ వచ్చారు, యూదుల శ్మశానాల్లోనూ అంతే. పైన కట్టడం ఫ్రాన్స్, స్పెయిన్‌ల నుంచి వచ్చిన అలవాటు, దాంతోపాటు హోదా. ఇంకో సౌకర్యం కూడా ఉంది. ఒక సంవత్సరం ఒక రోజు గడిచాక ఎముకలు వెనక్కి నెట్టి, అదే గూట్లో ఆ కుటుంబంలో ఇంకొకరిని పెట్టొచ్చు. ఆ ఎండకు పని త్వరగానే అయిపోతుంది.

అపోహ: జాన్ లఫీట్ పెద్దమనిషి తరహా సముద్రపు దొంగ, దేశభక్తుడు

1815 జనవరి 8న ఈ ఊరి దగ్గర బ్రిటిష్ సైన్యాన్ని అమెరికా సేనాని ఆండ్రూ జాక్సన్ ఓడించినప్పుడు లఫీట్ మనుషులు ఫిరంగుల దగ్గర పనిచేశారు, తుపాకులకు చెకుముకి రాళ్లిచ్చారు. అది వాస్తవం. 1813లో లూసియానా గవర్నర్ క్లెయిబోర్న్ అతని తలకు 500 డాలర్లు ప్రకటించడమూ వాస్తవమే. దానికి జవాబుగా లఫీట్ గవర్నర్ తలకు ఎదురు వెల కట్టాడంటారు. ఆ ఎదురు వెల ఒక పుస్తకంలో 1,500, ఇంకోదాంట్లో 5,000. సొమ్ము ఇలా పెరుగుతూ పోతుంటే అది సినిమా సీన్ అని అర్థం చేసుకోవాలి.

పుస్తకాలు త్వరగా దాటేసే విషయం ఇంకోటుంది. 1808 నుంచి బయటి దేశాల బానిసలను అమెరికాలోకి తేవడం నిషేధం. స్పెయిన్ ఓడల మీద పట్టుకున్న ఆఫ్రికన్లను దొంగదారిన లూసియానాలో అమ్మడం లఫీట్ సోదరుల వ్యాపారంలో పెద్ద భాగం. టోపీ, కత్తి, మర్యాద గురించి పది పేజీలు, దీని గురించి ఒక వాక్యం ఉంటే ఆ పుస్తకం పక్కన పెట్టేయండి. 1958లో అచ్చయిన 'లఫీట్ డైరీ'ని కూడా చరిత్రకారుల్లో చాలామంది నకిలీ కిందే లెక్కేస్తారు. బోర్బన్ స్ట్రీట్‌లో అతని కమ్మరి కొలిమి అంటూ నడిచే బార్ ఉంది. అది అతనిదనడానికి దస్తావేజు లేదు. కూర్చోవడానికి మాత్రం చక్కటి చోటు.

అపోహ: జాజ్ వేశ్యావాటికలో పుట్టింది, దాన్ని మూసేయగానే షికాగో వెళ్లిపోయింది

స్టోరీవిల్ అనే ఆ పేట 1897 నుంచి 1917 దాకా చట్టబద్ధంగా నడిచింది. మొదటి ప్రపంచయుద్ధ సమయంలో నౌకాదళం ఒత్తిడితో మూతపడింది. అక్కడి పెద్ద ఇళ్లలో ఎక్కువగా వాయించింది ఒక్కొక్కరే కూర్చునే పియానో వాద్యకారులు. బ్యాండ్లు వాయించింది పార్కుల్లో, డాన్సు హాళ్లలో, పిక్నిక్‌లలో, శవయాత్రల్లో. ఈ ఊళ్లో పుట్టిన పేరుమోసిన జాజ్ వాద్యకారుడు లూయీ ఆర్మ్‌స్ట్రాంగ్ షికాగో వెళ్లింది 1922లో, అంటే పేట మూసిన ఐదేళ్లకు. ఆయన తన పుట్టినరోజు 1900 జులై 4 అని చెప్పుకునేవాడు. ఆయన పోయాక, 1980ల్లో, చర్చి రిజిస్టర్‌లో బాప్టిజం కాగితం దొరికింది. 1901 ఆగస్టు 4 అని ఉంది. ఎవరినీ మోసం చెయ్యాలని ఆయన అలా చెప్పి ఉండడు, పేదవాళ్ల ఇళ్లల్లో తేదీలు అలాగే ఉంటాయి. మన తాతల తరంలో సగంమంది బళ్లో వేసిన తేదీతోనే బతికారు కదా.

బడీ బోల్డెన్ కథ ఇంకా బాధాకరం. మొదటి జాజ్ రాజు అని పేరు. రికార్డింగ్ ఒక్కటీ లేదు. 1907లో పిచ్చాసుపత్రిలో చేర్చారు, 1931లో అక్కడే చనిపోయాడు. పగలు క్షౌరం చేసేవాడని, ఊరి గుసగుసలతో ఒక పత్రిక నడిపేవాడని 1939లో ఒక జాజ్ పుస్తకం రాసింది. దాని మీద నవలలు కూడా పుట్టాయి. డోనల్డ్ మార్క్విస్ అనే పరిశోధకుడు జనాభా లెక్కలు, పోలీసు కాగితాలు, ఊరి డైరెక్టరీలు తిరగేసి 1978లో పుస్తకం రాశాడు. మంగలి దుకాణంలో కబుర్లు చెప్తూ కూర్చునేవాడు, అంతవరకే. పత్రిక ఆనవాలు లేదు. ఆ పుస్తకం చదివినవాళ్లకు బోల్డెన్ చిన్నవాడైపోయాడని అనిపించదు. ఏ వీధిలో ఉన్నాడో, ఏ హాల్లో వాయించాడో, ఎప్పుడు తలనొప్పులు మొదలయ్యాయో తెలిసిన మనిషి మీద ఇంకా ఇష్టం పెరుగుతుంది.

అపోహ: ఫ్రెంచ్ క్వార్టర్ భవనాలు ఫ్రెంచ్‌వి

1788, 1794 అగ్నిప్రమాదాల్లో ఫ్రెంచ్ కాలపు ఊరు చాలావరకు కాలిపోయింది. అప్పుడు పాలన స్పెయిన్‌ది. ఇప్పుడు కనిపించేవి ఎక్కువగా ఆ తర్వాతవే, 19వ శతాబ్దంలో అమెరికా పాలనలో కట్టినవే చాలా. 1750ల నాటి అర్సులైన్ కాన్వెంట్ ఒక్కటి పూర్తిగా ఫ్రెంచ్ కాలంది అనుకోండి.

అపోహ: ఊళ్లోని వింత మనుషులందరూ ఈ పుస్తకాల్లో ఉన్నారు

పుస్తకాల్లో ఉన్నది అమ్ముడుపోయే మనుషులు. లేనివాళ్లలో మన ఉపఖండం వాళ్లు కూడా ఉన్నారు. 1880ల నుంచి బెంగాల్‌లోని హుగ్లీ ప్రాంతపు ముస్లిం వ్యాపారులు చికన్‌కారీ కుట్టు గుడ్డలు మూటగట్టుకుని ఓడల్లో అమెరికా వచ్చేవాళ్లు. వేసవిలో న్యూ జెర్సీ సముద్రతీరపు ఊళ్లలో అమ్మేవాళ్లు, చలికాలం న్యూ ఆర్లీన్స్‌కి దిగేవాళ్లు. కొందరు ట్రెమే పేటలో స్థిరపడి, అక్కడి నల్లజాతి అమ్మాయిలను పెళ్లి చేసుకున్నారు. జానపద సంకలనాలు రాసినవాళ్లు ఆ వీధుల్లోనే తిరిగారు, కానీ వీళ్ల మీద కథలు కట్టలేదు. జనాభా లెక్కలు, ఓడల జాబితాలు, పెళ్లి రిజిస్టర్లు వెతికి వీళ్లను బయటికి తెచ్చింది వివేక్ బాల్డ్. 2013లో వచ్చిన ఆ పుస్తకం పేరు 'బెంగాలీ హార్లెమ్'. పేరులో హార్లెమ్ ఉంది కాబట్టి షాపుల్లో దాన్ని న్యూయార్క్ అరలో పెడతారు. నేను మాత్రం లూసియానా అరలో, మేరీ లావో పక్కన పెట్టాను. ర్యాంపార్ట్ స్ట్రీట్ దాటితే ట్రెమే. దెయ్యాల టూర్ మొదలయ్యేలోపు నడిచి చూసి రావచ్చు.