శాసనాల్లో తేదీలు: కొన్ని అపోహలు, వాస్తవాలు

పాత శాసనాల్లోని తేదీలను ఇప్పటి క్యాలెండర్‌లోకి మార్చడం నా పని. "మా ఊరి గుడి దగ్గర ఒక రాయి ఉందండీ, ఏ కాలం నాటిదో చెప్పండి" అంటూ ఫోటోలు పంపేవాళ్ళు చాలామంది. వాళ్ళతో మాట్లాడుతున్నప్పుడు మళ్ళీ మళ్ళీ ఎదురయ్యే అపోహలివి.

అపోహ: శక సంవత్సరానికి 78 కలిపితే చాలు.

అన్నిసార్లూ చాలదు. హనుమకొండ వేయిస్తంభాల గుడి శాసనమే చూడండి. శక వర్షాలు 1084, చిత్రభాను సంవత్సరం, మాఘ శుద్ధ 13, వడ్డవారం అని ఉంది. 78 కలిపితే 1162 వస్తుంది. కానీ మన ఏడాది ఉగాదితో మొదలవుతుంది. మాఘం వచ్చేసరికి జనవరి వచ్చి ఇంగ్లీషు సంవత్సరం మారిపోతుంది. కాబట్టి అసలు తేదీ 1163 జనవరి 19.

ఇందులో ఇంకో మెలిక ఉంది. 1084 ఏళ్ళు నిండాయని రాశారా, 1084వ ఏడు నడుస్తోందని రాశారా? మా భాషలో మొదటిది గతం, రెండోది వర్తమానం. రెంటికీ ఏడాది తేడా. ఇక్కడ ఆ సంగతి తేల్చేది చిత్రభాను అన్న పేరు. ఏళ్ళు నిండినట్టు లెక్కేస్తేనే ఆ పేరు కుదురుతుంది. వడ్డవారం అనే మాట ఇప్పుడు ఎవరి నోటా వినపడదు. లెక్క కడితే ఆ రోజు శనివారం అయింది. అంటే పోయిన మాటకు అర్థాన్ని కూడా తిథే పట్టి ఇస్తోంది. సంవత్సరం, తిథి, వారం మూడూ ఒకే రోజు మీద కలిసినప్పుడు నాకు ఇప్పటికీ ఒళ్ళు పులకరిస్తుంది.

అపోహ: సంవత్సరం పేరు ఉంటే ఏడాది తెలిసిపోయినట్టే.

ఆ పేర్లు అరవై ఏళ్ళకోసారి తిరిగి వస్తాయి. రుద్రమదేవి మరణాన్ని చెప్పే చందుపట్ల శాసనం శక 1211, విరోధి. శ్రీకృష్ణదేవరాయల మరణాన్ని చెప్పే హొన్నేనహళ్ళి శాసనం శక 1451, అదీ విరోధే. మధ్యలో 240 ఏళ్ళు, అంటే సరిగ్గా నాలుగు చుట్లు. 2009 ఉగాదికి మనం పంచాంగ శ్రవణంలో విన్నదీ విరోధే. శక సంఖ్య అరిగిపోయి పేరొక్కటే మిగిలితే రాజు పేరు, అక్షరాల తీరు చూసి ఏ చుట్టో తేల్చాలి. పైగా ఉత్తరాదిలో బృహస్పతి గమనాన్ని బట్టి లెక్కించే పద్ధతి ఉంది. మన పేరుకీ వాళ్ళ పేరుకీ ఇప్పుడు పదేళ్ళకు పైనే తేడా.

అపోహ: శాసనం మీద ఉన్న తేదీ ఆ సంఘటన జరిగిన తేదీ.

నన్ను ఎక్కువ బాధపెట్టేది ఇదే. చందుపట్ల శాసనం తేదీ 1289 నవంబరు 27. రుద్రమదేవి ఆ రోజే చనిపోయిందని చాలాచోట్ల రాసేస్తున్నారు. రాయి చెబుతున్నది వేరు. ఆమె, సేనాని మల్లికార్జున నాయకుడు శివసాయుజ్యం పొందారని, వాళ్ళ పుణ్యం కోసం పువ్వుల ముమ్మడి అనే వ్యక్తి భూమి దానం చేశాడని. తేదీ ఆ దానానిది. మరణం అంతకు ముందే జరిగింది. ఆమె కోసం ఒక మనిషి కన్నీళ్ళు తుడుచుకుని దానం చేసిన రోజు అది. ఆ రోజుకు అంతకన్నా వేరే విలువ తగిలించాల్సిన పని లేదు.

అపోహ: ఫోన్‌లో యాప్ ఉంటే ఈ పని ఎవరైనా చేయొచ్చు.

యాప్ నేనూ వాడతాను. అయితే రాయల మరణం చెప్పే శాసనంలోని పున్నమి 1529 అక్టోబరు 17, ఆదివారం. అదే రోజు చంద్రగ్రహణం కూడా పట్టింది. కొన్ని యాప్‌లు మాత్రం అక్టోబరు 27 అంటాయి. రోజు ఒకటే, క్యాలెండర్లు రెండు. ఇప్పటి గ్రెగోరియన్ క్యాలెండర్ 1582లో వచ్చింది. అంతకు ముందు తేదీలను చరిత్రకారులు పాత జూలియన్ క్యాలెండర్‌లో చెబుతారు, ఆ యాప్‌లు కొత్తదాన్నే వెనక్కి లెక్కేస్తాయి. రాయల నాటికి తేడా 10 రోజులు, రుద్రమ నాటికి 7. వర్ధంతి ఏ రోజు చేయాలని టెన్షన్ పడేవాళ్ళు ముందు ఇది చూసుకోవాలి. నేను యాప్ చూశాక, పాత తిథులను ఇంగ్లీషు తేదీల్లోకి మార్చే స్వామికన్ను పిళ్ళై పట్టికలు తీస్తాను. 700 నుంచి 1799 దాకా లెక్కలున్నాయి వాటిలో. అక్కడ కూడా కలిస్తేనే నాకు ధీమా.

అపోహ: తిథి, వారం కలవకపోతే అది దొంగ శాసనం.

రాగిరేకుల మీద చెక్కిన దొంగ శాసనాలు ఉన్నమాట నిజమే. కానీ తిథి నిడివి ఎప్పుడూ ఒకేలా ఉండదు, దాదాపు 20 గంటల నుంచి 26 గంటల దాకా మారుతుంది. అందుకే తిథికీ వారానికీ ఒక రోజు అటూ ఇటూ కావచ్చు. చెక్కినవాడు పొరపడి ఉండొచ్చు. దానం ఒకనాడు, చెక్కడం ఇంకోనాడు జరిగి ఉండొచ్చు.

అపోహ: తేదీ లేకపోతే కార్బన్ పరీక్ష చేయిస్తే సరి.

ఒకప్పుడు ప్రాణమున్న కట్టె, బొగ్గు, ఎముక లాంటివాటికే ఆ పరీక్ష. రాయిని ఎప్పుడు చెక్కారో అది చెప్పలేదు. కడప జిల్లా కలమళ్ళ శాసనం మీద తేదీ లేదు. సుమారు క్రీ.శ. 575 నాటిదని అంటున్నది ముఖ్యంగా అక్షరాల రూపం చూసి.

ఫోటో పంపేవాళ్ళకు ఒక్క మనవి. అక్షరాలు కనబడటం లేదని రాయి మీద చాక్‌పీసు గీయకండి. అరిగిన అంకె మీద మీరు గీస్తే మీరు ఊహించిన అంకే నాకు కనిపిస్తుంది. సాయంత్రం ఏటవాలు ఎండలో, రాయి మొత్తం వచ్చేలా తీసి పంపండి.