యుద్ధ విమానాల సినిమాలు, నవలలు: అపోహలు - వాస్తవాలు

రెండో ప్రపంచయుద్ధపు విమానాల మీద సినిమా గానీ సీరియల్ గానీ వస్తే చాలామంది చూసేది యూనిఫారాలు, రెక్కల మీద రంగులు, గుర్తులు. మేం ముందు లెక్కపెట్టేది సెకన్లు, నిమిషాలు. తూటాలు ఎంతసేపు వస్తాయి, ఇంధనం ఎందాకా చాలుతుంది, ఆక్సిజన్ లేకుండా మనిషి ఎంతసేపు స్పృహలో ఉంటాడు అన్నవి చూస్తే కథ ఎక్కడ పట్టు తప్పిందో తెలిసిపోతుంది.

అపోహ: బటన్ నొక్కి పట్టుకున్నంతసేపూ తూటాలు వస్తూనే ఉంటాయి.

వాస్తవం: 1940లో బ్రిటన్ ఆకాశంలో పోరాడిన బ్రిటిష్ ఫైటర్ స్పిట్‌ఫైర్ మార్క్ 1 రెక్కల్లో 8 బ్రౌనింగ్ మెషిన్ గన్లు ఉండేవి. ఒక్కోదానికి 300 తూటాలు. గన్ను నిమిషానికి దాదాపు 1,150 తూటాలు కాలుస్తుంది. భాగించి చూడండి: 15, 16 సెకన్లలో పెట్టెలు ఖాళీ. అందుకే రెండేసి సెకన్లు నొక్కి వదిలేవాళ్లు. మొత్తం మీద ఏడెనిమిది అవకాశాలు, అంతే. జర్మన్ల మెసర్‌ష్మిట్ 109ఈ రెక్కల్లోని 20 మి.మీ. ఫిరంగులకు ఒక్కోదానికి 60 గుళ్లే. అవి ఏడు సెకన్లలో అయిపోయేవి, ఆపైన ముక్కు మీది రెండు మెషిన్ గన్లే దిక్కు.

దూరం సంగతీ ఇంతే. రెక్కల్లో దూరదూరంగా ఉన్న ఎనిమిది గన్లనూ వాటి తూటాలు ముందు ఒకచోట కలిసేలా బిగించాలి. మొదట 400 గజాలకు పెట్టుకున్నారు. పోరాటంలోకి దిగాక అది చాలా ఎక్కువని తెలిసి, అనుభవమున్న పైలట్లు 250 గజాలకు తగ్గించుకున్నారు. అంతకన్నా బాగా దూరం నుంచి కాలిస్తే తూటాలు చెదిరిపోతాయి. నవల రాసేవాళ్లకు పనికొచ్చే చిన్న సంగతి ఒకటుంది. పైన చలికి గన్లు గడ్డకట్టకుండా వాటి రంధ్రాల మీద గుడ్డ ముక్కలు అతికించేవాళ్లు. కాల్చగానే అవి చిరిగిపోతాయి. విమానం తిరిగొస్తుంటే ఆ రంధ్రాల్లో గాలి ఈల వేసేది. ఆ ఈల వింటే చాలు, మనవాడు కాల్చి వచ్చాడని కింద ఉన్న సిబ్బందికి పైలట్ దిగకముందే తెలిసేది.

అపోహ: గంట మోగింది, పరిగెత్తారు, ఎక్కారు, మరుక్షణంలో శత్రువు ఎదురయ్యాడు.

వాస్తవం: ఆ పరుగు నిజమే. కానీ స్పిట్‌ఫైర్ 20,000 అడుగులకు ఎక్కాలంటే మంచి ప్రొపెల్లర్ ఉన్నా ఎనిమిది నిమిషాల దాకా పట్టేది. ఆ నిమిషాలు ఆలస్యమైతే శత్రువు పైన, మనం కింద. తీరంలోని చెయిన్ హోమ్ రాడార్లు సముద్రం వైపే చూసేవి. శత్రువు నేల మీదికి వచ్చాక కళ్లతో, చెవులతో కనిపెట్టి చెప్పే పరిశీలకులే ఆధారం. అవతల 109 పైలట్‌కు ఇంకో చిక్కు: లండన్ మీద పది నిమిషాలకు అటూ ఇటూ పోరాడే ఇంధనమే మిగిలేది. పోరాటం మధ్యలో జర్మన్ ఫైటర్లు వెనుదిరిగితే దాన్ని పిరికితనంగా చూపించే కథలున్నాయి. అది అన్యాయం. ఇంధనం అయిపోతోందని చెప్పే ఎర్ర దీపం వెలిగాక ఆగితే ఇంగ్లిష్ చానల్ నీళ్లలో పడాల్సిందే.

అపోహ: 109 కిందికి దూకితే స్పిట్‌ఫైర్ ముక్కు వంచి వెంటపడుతుంది.

వాస్తవం: 1940లో అలా చేస్తే ఇంజిన్ దగ్గేది. స్పిట్‌ఫైర్ మెర్లిన్ ఇంజిన్‌కు ఉన్నది ఫ్లోట్ కార్బ్యురేటర్, అంటే ఇంధనాన్ని చిన్న తొట్టిలో నిలిపి గాలితో కలిపి పంపే పరికరం. విమానాన్ని నడిపే కర్రను ముందుకు తోయగానే అందులో ఇంధనం పైకి లేచి సరఫరా తెగేది, వెంటనే మరీ ఎక్కువై ముంచెత్తేది. జర్మన్ ఇంజిన్‌కు నేరుగా సిలిండర్‌లోకి చిమ్మే పద్ధతి ఉంది కనుక దానికి ఆ బాధ లేదు. అందుకని స్పిట్‌ఫైర్ పైలట్ ముందు విమానాన్ని తలకిందులుగా దొర్లించి, ఆ తర్వాత కర్రను తన వైపు లాగి దూకేవాడు. ఈలోగా 109 దూరమయ్యేది. 1941లో బియాట్రిస్ షిల్లింగ్ అనే ఇంజనీరు, ఇంధనం వచ్చే దారిలో పెట్టే చిన్న బిళ్లతో ఆ ముంపును చాలావరకు ఆపింది. ఇంత గొప్ప నాటకీయత ఉన్న బిళ్ల కథల్లోకి ఎందుకు రాలేదో మాకు అర్థం కాదు.

అపోహ: కూలిపోయే ప్రతి విమానమూ కీచుమంటూ అరుస్తుంది.

వాస్తవం: ఆ అరుపు నిట్టనిలువుగా దూకి బాంబు వేసే జర్మన్ విమానం యుంకర్స్ 87 స్టూకాది. దాని చక్రాల కాళ్లకు గాలికి తిరిగే సైరన్ బిగించేవాళ్లు, కింద ఉన్నవాళ్లను బెదరగొట్టడానికి. వేగం తగ్గిస్తోందని తర్వాత దాన్ని వాళ్లే తీసేశారు.

అపోహ: బాంబర్‌లో కుర్రాళ్లు ముఖాలు కనబడేలా కూర్చుని, ఒకరితో ఒకరు అరుచుకుంటూ మాట్లాడుకుంటారు.

వాస్తవం: నటుడి ముఖం కనబడాలి గనక మాస్కు తీయిస్తారు. అమెరికన్ బాంబర్ బీ-17 దాదాపు 25,000 అడుగుల్లో ఎగిరేది. అందులో గాలి ఒత్తిడి నిలిపే ఏర్పాటు లేదు. నడుము దగ్గర గన్ల కోసం కిటికీలు తెరిచే ఉండేవి. లోపల మైనస్ 40 డిగ్రీలకు పడిపోవడం మామూలే. అంత ఎత్తున ఆక్సిజన్ లేకపోతే మూడు నుంచి ఐదు నిమిషాల్లో తెలివి తప్పుతుంది. పైగా తప్పుతున్న సంగతి ఆ మనిషికి తెలియదు, హాయిగా ఉన్నట్టే ఉంటుంది. ఊపిరి తడి గొట్టంలో గడ్డకట్టి ఆక్సిజన్ ఆగిపోయేది. అందుకే పదిమందిని వరసగా ఇంటర్‌ఫోన్‌లో పిలుస్తూ ఉండేవాళ్లు, జవాబు రాకపోతే పక్కవాడు వెళ్లి చూడాలి. చేతి తొడుగు తీసి గన్ ముట్టుకుంటే చర్మం ఇనుముకు అతుక్కుపోతుంది. జామ్ అయిన గన్ను వట్టి చేతులతో సరిచేసే వీరుడు సినిమాలో ఉంటాడు. నిజంలో వాడు వేళ్లు పోగొట్టుకుంటాడు.

అపోహ: జర్మన్ డ్యాములు బద్దలుకొట్టిన బాంబు గుండ్రటి బంతి, ఎత్తు కొలిచే దీపాల ఉపాయం నాటకశాలలో తట్టింది.

వాస్తవం: రెండూ 1955 నాటి 'ద డ్యామ్ బస్టర్స్' సినిమా పుణ్యమే. అసలు బాంబు రూపం అప్పటికి ఇంకా రహస్యం. నిజానికి అది పీపా ఆకారంలో ఉంటుంది. బరువు 9,000 పౌండ్ల పైమాట. వదిలేముందు దాన్ని నిమిషానికి 500 చుట్లు వెనక్కి తిప్పాలి. నీళ్ల మీద గెంతి గోడను తాకాక ఆ తిరుగుడే దాన్ని గోడకు అంటిపెట్టుకుని మునిగేలా చేస్తుంది. 30 అడుగుల లోతున నీటి ఒత్తిడికి పేలుతుంది. 60 అడుగుల ఎత్తున, రాత్రిపూట, నీళ్ల మీద మామూలు ఎత్తు మీటరు ఎందుకూ పనికిరాదు. అందుకని విమానం కింద రెండు దీపాలు పెట్టారు. నీటి మీద రెండు వెలుగు చుక్కలు ఒకదాన్నొకటి తాకితే 60 అడుగులన్నమాట. నావిగేటర్ పక్క కిటికీలోంచి వాటినే చూస్తూ పైకి, కిందికి అని చెప్పాలి. ఆ ఉపాయం విమాన ఉత్పత్తి మంత్రిత్వశాఖలోని బెంజమిన్ లాక్‌స్పైజర్ చెప్పింది. ఆ వెలుగు శత్రువు గన్లకూ కనబడేది. 1943 మే 16 రాత్రి వెళ్లిన 19 బ్రిటిష్ లాంకాస్టర్ బాంబర్లలో 8 తిరిగి రాలేదు, 53 మంది చనిపోయారు.

అపోహ: తెర మీద కనబడేవి ఆనాటి అసలు విమానాలే.

వాస్తవం: 1969 నాటి 'బ్యాటిల్ ఆఫ్ బ్రిటన్'లో మెసర్‌ష్మిట్లుగా ఎగిరినవి స్పెయిన్‌లో తయారైన బుచోన్లు. వాటిలో ఉన్నది బ్రిటిష్ మెర్లిన్ ఇంజిన్. పొగ గొట్టాలు చూస్తే పట్టుబడతాయి: అసలు 109కి ముక్కు పక్కన కిందుగా ఉంటాయి, బుచోన్‌కు పైన.

అపోహ: పైలట్ కూల్చానన్న లెక్కే చరిత్ర.

వాస్తవం: 1940 సెప్టెంబరు 15న 185 జర్మన్ విమానాలను కూల్చామని బ్రిటన్ ప్రకటించింది. నిజంగా పోయినవి 60 దరిదాపు. ఎవరూ అబద్ధమాడలేదు. ఒకే బాంబర్‌ను ముగ్గురు మూడు వైపుల నుంచి కాల్చి, ముగ్గురూ అది కూలడం చూస్తారు. 109 పూర్తి జోరు మీద కిందికి దూకితే నల్లటి పొగ వదులుతుంది, పైనున్నవాడికి అది కాలిపోతున్నట్టే కనిపిస్తుంది. దిగాక ఇంటెలిజెన్స్ అధికారి ఫారం ముందు పెట్టుకుని అడిగేది ఇదే: నేలను తాకడం చూశావా, ఇంకెవరు చూశారు? జవాబును బట్టి అది కూలినట్టో, కూలి ఉండొచ్చనో, దెబ్బతిన్నదనో మూడు గడుల్లో ఒకదాంట్లో పడేది. ఆ మూడో గడిలో రాయించుకుని బయటికొచ్చే పైలట్‌ను ఇంతవరకూ ఏ సినిమాలోనూ మేం చూడలేదు.